కారు అలారం దేనికి కాపలా?



అర్ధరాత్రి అపార్ట్‌మెంటు సెల్లార్లో కారు అలారం మోగితే సాధారణంగా ఏం జరుగుతుందో మీకు తెలుసు. వాచ్‌మన్ లేచి చూసి, ఎవరి బండో గుర్తుపట్టి, ఆ ఫ్లాటుకు ఇంటర్‌కమ్ కొడతాడు. ఓనరు నిద్రకళ్ళతో బాల్కనీలోకి వచ్చి రిమోట్ నొక్కుతాడు. మోత ఆగిపోతుంది, అందరూ పడుకుంటారు. అసలెందుకు మోగిందని ఎవరూ అడగరు. తెల్లారాక కూడా అడగరు. లక్షలు పోసి కొన్న బండికి కంపెనీవాళ్ళు ఒక కాపలా పెట్టి ఇస్తే, అది దేన్ని కాస్తుందో, దేన్ని వదిలేస్తుందో తెలుసుకోకుండానే మనం ఏళ్ళు గడిపేస్తున్నాం. కారు డెలివరీ రోజున కొబ్బరికాయ, నిమ్మకాయలు, ఫొటోలు, స్వీటు పెట్టె, ఇవన్నీ అయ్యాక షోరూం అబ్బాయి బండి గురించి గబగబా చెప్పేస్తాడు. అందులో అలారం వంతు మహా అయితే రెండు వాక్యాలు. మిగిలినవి ఈరోజు చెప్పుకుందాం.

ముందుగా ఒకటి విడదీసి చూడాలి. మనం సెక్యూరిటీ సిస్టమ్ అని ఒక్కటిగా అనేదాంట్లో రెండు వేర్వేరు ఏర్పాట్లు ఉన్నాయి. ఒకటి అలారం, రెండోది ఇమ్మొబిలైజర్. బండిలోకి ఎవరైనా జొరబడితే అలారం అరుస్తుంది. ఇమ్మొబిలైజర్ అరవదు, అసలు తాళంచెవి దగ్గర లేకపోతే ఇంజిన్‌ను స్టార్ట్ కానివ్వదు. ఇమ్మొబిలైజర్ ఇప్పుడు దాదాపు ప్రతి కొత్త కారులోనూ ఉంటుంది. అలారం మాత్రం కొన్ని తక్కువ ధర వేరియంట్లలో ఉండకపోవచ్చు. మీ కారులో ఏది ఉందో ఓనర్స్ మాన్యువల్‌లో రాసి ఉంటుంది.

ముందు అలారం సంగతి. పొలంలో మంచె మీద కూర్చున్న మనిషి కేక వేస్తాడు. ఆ కేకకు పిట్టలు లేచిపోవాలి, లేదా పక్క చేలో వాళ్ళు వినిపించుకోవాలి. అతను దిగివచ్చి దేన్నీ పట్టుకోడు. అలారం పని అంతవరకే. మరి ఆ కేక ఎప్పుడు వేస్తుంది?

ప్రతి డోరు లాచ్ లోపలా ఒక చిన్న స్విచ్ ఉంటుంది. డోరు తియ్యగానే లోపలి లైటు వెలిగేది, డోరు తీసి ఉందని మీటర్లో బొమ్మ కనిపించేది దానివల్లే. డిక్కీకి అలాంటిదే ఒకటి ఉంటుంది. చాలా కార్లలో బానెట్‌కు కూడా ఉంటుంది. ఈ స్విచ్‌ల వైర్లన్నీ బాడీ కంట్రోల్ మాడ్యూల్ అనే పెట్టెకు చేరతాయి. మెకానిక్కుల భాషలో అది బీసీఎం. మీరు రిమోట్‌తో లాక్ చేశాక, చాలా బళ్ళలో 20 నుంచి 30 సెకన్లు ఆగి, బీసీఎం కాపలాలో కూర్చుంటుంది. ఆ తర్వాత రిమోట్‌తో అన్‌లాక్ చెయ్యకుండా ఏ తలుపు తెరుచుకున్నా హారనో సైరనో మోగుతుంది, ఇండికేటర్లన్నీ కొట్టుకుంటాయి. మోత కాసేపటికి దానంతటదే ఆగిపోతుంది. ఐరోపా దేశాలు పాటించే ఐక్యరాజ్యసమితి 116వ నిబంధన ప్రకారం శబ్దం ఒక్కో విడతకు 25 నుంచి 30 సెకన్లే ఉండాలి. మళ్ళీ ఎవరైనా కదిలిస్తేనే మళ్ళీ మోగాలి. సైరన్ తీవ్రత 105 నుంచి 118 డెసిబెల్స్ మధ్య ఉండాలి. ఊరంతా నిద్రలేపుతూ తెల్లవార్లూ కూసే అలారం ఎవరికీ ఉపయోగపడదని అనుభవం మీద తెలుసుకుని పెట్టుకున్న హద్దులివి.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. దొంగ డోరు జోలికి పోకుండా అద్దం పగలగొట్టి, సీటు మీది సంచి లాక్కుని పోయాడనుకోండి. డోరు తెరుచుకోలేదు. డిక్కీ తెరుచుకోలేదు. బానెట్ లేవలేదు. కాబట్టి అలారం మోగదు. మన రోడ్ల మీద తిరిగే మామూలు ధర కార్లలో చాలావాటి పరిస్థితి ఇదే. బ్యాంకు నుంచి నగదు తెచ్చి సీటు మీద పెట్టి, ఐదు నిమిషాల పని అని టిఫిన్ సెంటర్లోకి వెళ్ళివచ్చేసరికి అద్దం పగిలి ఉంటుంది. పెళ్ళికి వచ్చి ఫంక్షన్ హాలు బయట పార్క్ చేసిన కారులోంచి నగల సంచి మాయమవుతుంది. అలారం ఉండి కూడా మోగలేదేమిటండీ అని అడుగుతారు. అది చెడిపోలేదు. అద్దాన్ని కాయమని దానికి ఎవరూ చెప్పలేదు.

మీ కారు అలారం ఏది గమనిస్తుందో మీరే పరీక్షించి చూడవచ్చు. పగటిపూట, చుట్టుపక్కల వాళ్ళకు ముందే చెప్పి చెయ్యండి. డ్రైవర్ పక్క అద్దం పూర్తిగా దించండి. బయట నిలబడి రిమోట్‌తో లాక్ చెయ్యండి. ఒక నిమిషం కదలకుండా ఆగండి. తర్వాత కిటికీలోంచి చెయ్యి లోపలికి పెట్టి, దేన్నీ తాకకుండా అటూ ఇటూ ఊపండి. అప్పుడే మోగిందంటే మీ బండి లోపలి కదలికను పసిగట్టే సెన్సర్ ఉన్నట్టు. మోగకపోతే లోపలి పిడి లాగి డోరు తెరవండి. అప్పుడు మోగిందంటే మీ అలారం కాపలా తలుపుల వరకే. డోరు తెరుచుకున్నా మోగలేదంటే మీ బండికి అలారం లేదు, లేదా పనిచెయ్యడం లేదు. రిమోట్‌లో అన్‌లాక్ నొక్కితే మోత ఆగిపోతుంది. మాన్యువల్‌లో పది పేజీలు చదివినా రాని స్పష్టత ఈ ఒక్క పరీక్షతో వస్తుంది.

లోపలి కదలికను గమనించే సెన్సర్లు ఎక్కువగా ఖరీదైన కార్లలో వస్తాయి. పైకప్పు లైటు దగ్గర ఉండి, మన చెవికి అందని ధ్వని తరంగాలను వదులుతాయి. తిరిగివచ్చే ప్రతిధ్వనిలో మార్పు వస్తే ఎవరో ఉన్నారని లెక్క. అలాంటి బండిలో అద్దం ఒక్క అంగుళం దించి పార్క్ చేసినా గాలికి లోపల ఏదో ఒకటి ఊగుతుంది. ముందు అద్దానికి వేలాడదీసిన దండ, బొమ్మ, దేవుడి లాకెట్, ఏదైనా చాలు. ఎండాకాలం కదా, కాస్త గాలి ఆడుతుందని అద్దం సందు వదిలేవాళ్ళకు మధ్యాహ్నమంతా మోత తప్పదు. కొన్ని విదేశీ బ్రాండ్లలో బండి వాలితే పసిగట్టే సెన్సర్ కూడా ఉంటుంది, టైరు విప్పుకుపోయేవాళ్ళ కోసం, క్రేనుతో లాక్కుపోయేవాళ్ళ కోసం. ఆ కార్లను లారీ మీద ఎక్కించి పంపేటప్పుడు ఆ సెన్సర్‌ను ఆపే స్విచ్ ఎక్కడుందో ముందే చూసుకోవాలి.

ఇక ఇమ్మొబిలైజర్. నా దృష్టిలో మోటారు వాహనాల చరిత్రలో దొంగతనాన్ని ఇంతగా దెబ్బతీసిన వస్తువు ఇంకొకటి లేదు, దాన్ని మెచ్చుకున్నవాళ్ళు మాత్రం తక్కువ. మీ తాళంచెవి ప్లాస్టిక్ తలలో బియ్యపు గింజంత చిప్ ఉంటుంది. దానికి సెల్లు అక్కర్లేదు. తాళంచెవి పెట్టే చోట చుట్టూ ఒక రాగి తీగ చుట్ట ఉంటుంది. మీరు తాళంచెవి తిప్పగానే ఆ చుట్ట సుమారు 125 కిలోహెర్ట్జ్ పౌనఃపున్యంలో శక్తిని పంపుతుంది. ఆ శక్తితోనే చిప్ మేలుకుని తన కోడ్ చెబుతుంది. ఇంజిన్ కంప్యూటర్ ఆ కోడ్‌ను గుర్తుపడితే ఇంజిన్ నడుస్తుంది, లేకపోతే లేదు. స్టీరింగ్ కింద వైర్లు కలిపి బండి తీసుకుపోవడం సినిమాల్లో చూస్తుంటాం. చిప్ ఉన్న కారులో ఆ విద్య చెల్లదు.

ఐరోపా సమాఖ్య 1998 అక్టోబరు నుంచి కొత్త కార్లన్నిటికీ దీన్ని తప్పనిసరి చేసింది. ఆస్ట్రేలియా 2001లో, కెనడా 2007లో అదే దారి పట్టాయి. నెదర్లాండ్స్ ఆర్థికవేత్తలు యాన్ వాన్ ఔర్స్, బెన్ వొల్లార్డ్ 1995 నుంచి 2008 వరకూ తమ దేశపు లెక్కలు పరిశీలించి, ఇమ్మొబిలైజర్ వల్ల కార్ల దొంగతనాలు సగటున 40 శాతం దాకా తగ్గాయని తేల్చారు. చిప్ లేని పాత కార్ల మీదికి దొంగలు మళ్ళిన సంగతిని కూడా లెక్కలోకి తీసుకున్నాక వచ్చిన అంకె అది.

అది లేకపోతే ఏమవుతుందో అమెరికాలో ఉన్న మనవాళ్ళకు బాగా తెలుసు. అక్కడ ఇమ్మొబిలైజర్‌ను చట్టం తప్పనిసరి చెయ్యలేదు. 2015 మోడల్ కార్లలో మిగతా కంపెనీల బళ్ళకు 96 శాతం వరకూ అది ఉంటే, హ్యుందాయ్, కియా బళ్ళలో 26 శాతానికే ఉందని అక్కడి హైవే లాస్ డేటా ఇన్‌స్టిట్యూట్ లెక్క. స్టీరింగ్ కింది కవరు ఊడబీకి, ఫోను ఛార్జింగ్ కేబుల్ కొసతో ఇగ్నిషన్ తిప్పి బండి ఎలా తీసుకుపోవచ్చో కుర్రాళ్ళు టిక్‌టాక్‌లో వీడియోలు పెట్టారు. ఆ దొంగతనాలు నగరనగరానికీ పాకాయి. 2023లో ఆ కంపెనీలు ఉచితంగా సాఫ్ట్‌వేర్ మార్చి ఇచ్చాయి. ఆ మార్పు ఏమిటో గమనించండి. అలారం మోత 30 సెకన్ల నుంచి ఒక నిమిషానికి పెరిగింది. రిమోట్‌తో లాక్ చేసిన బండి అసలు తాళంచెవి లేకుండా స్టార్ట్ కాకుండా చేశారు. డోరుకున్న లాక్ చేత్తో నొక్కి వెళ్ళిపోతే ఆ రక్షణ పనిచెయ్యదు. రిమోట్‌తోనే లాక్ చెయ్యాలి. మన బళ్ళకూ ఇది వర్తిస్తుంది. చాలా కార్లలో అలారం కాపలాకు కూర్చోవాలంటే లాక్ రిమోట్‌తోనో, డోరు పిడి మీది బటన్‌తోనో పడాలి. లోపలి మీట నొక్కి డోరు వేసి వెళ్ళిపోతే తలుపులు పడతాయి, అలారం నిద్రపోతుంది.

అందుకని లాక్ నొక్కాక ఒక్క క్షణం వెనక్కి తిరిగి చూడండి. చాలా బళ్ళలో లాక్ పడితే ఇండికేటర్లు ఒకసారి, తెరుచుకుంటే రెండుసార్లు వెలుగుతాయి. కొన్ని కంపెనీల్లో లెక్క వేరుగా ఉంటుంది. లైట్లు వెలగలేదంటే ఏదో తలుపు సరిగ్గా పడలేదని అర్థం, లేదా రిమోట్ సంకేతం బండికి చేరలేదు. బలమైన టవర్ల దగ్గర అలా జరుగుతుంది. కావాలని సంకేతాన్ని అడ్డుకునే పరికరం జేబులో పెట్టుకుని పార్కింగ్‌లో నిలబడే దొంగలూ ఉన్నారు. నడుస్తూ భుజం మీదుగా రిమోట్ నొక్కి వెళ్ళిపోయేవాళ్ళే వాళ్ళకు కావాలి. ఒకసారి పిడి లాగి చూస్తే పోయేదేమీ లేదు.

పొరపాటున జేబులో అన్‌లాక్ బటన్ నొక్కుకుపోతే? సుమారు 30 సెకన్లలోపు ఏ డోరూ తియ్యకపోతే చాలా కార్లు వాటంతటవే మళ్ళీ లాక్ అవుతాయి. రిమోట్ సెల్లు అయిపోయి మామూలు తాళంచెవితో డోరు తీస్తే మాత్రం చాలా బళ్ళలో అలారం మోగుతుంది. అది దాని ధర్మం. ఎవరో తాళం తీశారని దానికి తెలుసు, మీరని తెలియదు. లోపల కూర్చుని ఇగ్నిషన్ ఆన్ చెయ్యండి. చిప్‌ను గుర్తుపట్టి ఊరుకుంటుంది. కంగారుపడి బ్యాటరీ వైరు పీకేవాళ్ళను చూశాను. కొన్ని సైరన్లకు సొంత బ్యాటరీ ఉంటుంది, వైరు పీకినా మోగుతూనే ఉంటుంది.

పుష్ బటన్ కార్లవాళ్ళకు ఇదే కష్టం ఇంకో రూపంలో వస్తుంది. సెల్లు అయిపోతే డోరు తెరుచుకోదు, బటన్ నొక్కితే తాళంచెవి కనపడలేదంటుంది. రిమోట్ లోపలే ఒక చిన్న ఇనుప తాళంచెవి దాచి ఉంటుంది. డోరు పిడి దగ్గర ప్లాస్టిక్ మూత వెనక దాని రంధ్రం ఉండవచ్చు. ఎక్కాక రిమోట్‌ను స్టార్ట్ బటన్‌కు ఆనించి నొక్కండి. సెల్లు అక్కర్లేని చిప్ అక్కడ పనికొస్తుంది. కొన్ని కార్లలో కప్పు హోల్డర్ దగ్గరో, కన్సోల్ లోపలో పెట్టాలి. మీ కారులో ఎక్కడో ఇవాళే చూసి పెట్టుకోండి, శ్రీశైలం ఘాట్ రోడ్డు మీద వెతుక్కోవడం కంటే అది నయం. చాలా రిమోట్లలో ఉండేది సీఆర్ 2032 అనే 3 వోల్టుల గుండ్రటి సెల్లు. వాచీల కొట్లో దొరుకుతుంది.

అలారం ఊరికే మోగుతోందని చాలామంది దాని ఫ్యూజు తీయించేస్తారు. అది నాకు నిజంగా బాధ కలిగించే విషయం. ఊరికే మోగదు, దాని వెనక ఎప్పుడూ ఒక కారణం ఉంటుంది, ఎక్కువసార్లు అది చవకైన కారణం. నేను మొదట చూసేది బానెట్ లాచ్. అక్కడి స్విచ్‌కు వానా, దుమ్మూ, ఇంజిన్ వేడీ అన్నీ తగులుతాయి. తుప్పు పట్టి అంటుకోకపోతే బానెట్ తెరిచినట్టు బీసీఎంకు కబురు పోతుంది. వానాకాలం మొదలయ్యాక ఎలుకలు వెచ్చదనం కోసం బానెట్‌లో చేరి వైర్లు కొరుకుతాయి. పొలాల అంచున కట్టిన కాలనీల్లో ఈ బెడద మరీ ఎక్కువ. తర్వాత చూడాల్సింది బండి బ్యాటరీ. నాలుగైదేళ్ళ పాత బ్యాటరీలో తెల్లవారుజామున వోల్టేజి పడిపోతే బీసీఎం తికమకపడుతుంది. కొన్ని కంపెనీల బళ్ళలో చివరిసారి ఏ తలుపు వల్ల మోగిందో నమోదై ఉంటుంది, సర్వీస్ సెంటర్లో స్కానర్ పెట్టి చదవవచ్చు. అడగండి. అడిగితేనే చూస్తారు.

ఇమ్మొబిలైజర్‌ను దాటే దొంగలు లేరని చెప్పను. జేబులో తాళంచెవి ఉంటే చాలు డోరు తెరుచుకునే కార్లలో, బండి మీటరు దూరంలో ఉన్న తాళంచెవితో మాట్లాడుతుంది. ఇద్దరు మనుషులు, రెండు పరికరాలు. ఒకడు మీ ఇంటి గోడ పక్కన నిలబడి, లోపల గూట్లో వేలాడుతున్న తాళంచెవి సంకేతాన్ని అందుకుంటాడు. రెండోవాడు దాన్ని కారుకు వినిపిస్తాడు. తాళంచెవి పక్కనే ఉందనుకుని కారు తెరుచుకుంటుంది, స్టార్ట్ అవుతుంది, అలారం కిక్కురుమనదు. విదేశాల్లో ఇది పెద్ద సమస్య. గుమ్మం పక్క మేకుకు తాళంచెవి తగిలించే అలవాటు మానుకుని, ఇంటి మధ్యలో మూత గట్టిగా పడే స్టీలు డబ్బాలో పెట్టండి. డబ్బాను కారు దగ్గరికి తీసుకెళ్ళి డోరు తెరుచుకుంటుందేమో పరీక్షించండి, అన్ని డబ్బాలూ సంకేతాన్ని ఆపలేవు.

దొంగలకు ఇంకో దారీ ఉంది. 2022లో లండన్‌లో ఒక సైబర్ భద్రతా నిపుణుడి టయోటా ర్యావ్ 4 కారే పోయింది. అంతకుముందు ఎవరో హెడ్‌లైటు దగ్గర బంపర్ ఊడదీసి వైర్లు లాగినట్టు ఆనవాళ్ళు కనిపించాయి, ఆకతాయి పని అనుకున్నాడు. తర్వాత ఆరా తీస్తే, హెడ్‌లైటు వైర్ల ద్వారా బండి లోపలి కంప్యూటర్ల మధ్యకు దొంగ సందేశం పంపి తాళం తీశారని తేలింది. ఆ పరికరాన్ని బ్లూటూత్ స్పీకరు పెట్టెలో దాచి అమ్ముతున్నారు. ఇలాంటివాళ్ళ ముందు స్టీరింగ్‌కు అడ్డంగా వేసే ఇనుప రాడ్డు బాగా పనిచేస్తుంది. కొయ్యడానికి సమయం పడుతుంది, చప్పుడవుతుంది, దూరం నుంచే కనపడుతుంది. కంప్యూటర్‌కు నేర్పిన అబద్ధం ఇనుముకు నేర్పలేరు.

తక్కువ వేరియంట్ కొని, యాక్సెసరీ కొట్లో అలారం పెట్టించుకునేవాళ్ళకు ఒక్క మాట. బయటి పరికరం కోసం కంపెనీ వైర్లు కోసి, మెలిపెట్టి, టేపు చుడితే ఆ అతుకు దగ్గర వేడెక్కి వైరు కాలవచ్చు. ఆ భాగానికి వారంటీ కూడా వివాదంలో పడుతుంది. కంపెనీవాళ్ళే అమ్మే సెక్యూరిటీ కిట్ ఉందేమో ముందు అడగండి. పుణెలోని వాహన పరిశోధన సంస్థ ఏఆర్‌ఏఐ ఆమోదించిన పరికరాన్ని నిబంధనల ప్రకారం పెట్టించుకుంటే, సొంత నష్టం ప్రీమియంలో 2.5 శాతం, గరిష్ఠంగా 500 రూపాయల రాయితీ మోటారు టారిఫ్‌లో ఉంది.

పిల్లల్ని లోపల కూర్చోబెట్టి రిమోట్‌తో లాక్ చేసి వెళ్ళవద్దు, రెండు నిమిషాలకైనా సరే. ఏసీ ఆగిన కారు మన ఎండల్లో ఎంత త్వరగా కొలిమి అవుతుందో తెలిసిందే. కొన్ని కార్లలో రిమోట్‌తో లాక్ చేస్తే లోపలి పిడి లాగినా డోరు తెరుచుకోదు. తలుపుల వరకే కాపలా ఉన్న అలారం, లోపల పిల్లవాడు ఏడుస్తున్నా పలకదు.

చివరగా తాళంచెవుల సంగతి. కారు చోరీ అయితే బీమా కంపెనీ మొదట అడిగేవాటిలో రెండు అసలు తాళంచెవులు ఉంటాయి. ఒకటి లేకపోతే ఎక్కడ పోయిందో, ఎప్పుడు పోయిందో చెప్పుకోవాలి.  అందుకని తాళంచెవి పోయిన రోజునే పోలీసులకు ఫిర్యాదు ఇచ్చి ఆ కాగితం దాచుకోండి. సెకండ్ హ్యాండ్ కారు కొంటున్నప్పుడు బేరం కుదిరే ముందే రెండు తాళంచెవులూ చేతిలో పెట్టమనండి. కంపెనీ ఇచ్చిన తాళంచెవి నంబరు బిళ్ళ ఉంటే అదీ తీసుకోండి. దాన్ని బండిలో పెట్టకండి. తర్వాత బండి మీదేనన్న ఆధారాలతో సర్వీస్ సెంటర్‌కు వెళ్ళి, బండి జ్ఞాపకంలో ఎన్ని తాళంచెవులు నమోదై ఉన్నాయో చూపించమనండి. మీ చేతిలో రెండే ఉండి అక్కడ మూడు కనిపిస్తే, పాతవన్నీ చెరిపేసి మీ రెండింటినే మళ్ళీ నమోదు చేయించుకుని ఇంటికి రండి.